చెరువులోకి తన్నించుకునే గస్

నాలుగేళ్లుగా గస్ వెండెల్‌కి ఒకటే వేషం. మాటల్లేని సినిమా బొమ్మల రోజులవి. పార్కు బెంచీ మీద ఓ అందగత్తె కూర్చుని ఉంటుంది. గస్ పొట్ట సర్దుకుని, అంటించిన మీసం దువ్వుకుని, పెళ్లాడమని అడగడానికి ఆమె ముందు మోకాలి మీద కూర్చుంటాడు. వెనకనుంచి బక్కపలచని డూలీ వచ్చి ఒక్క తన్ను తంతాడు. గస్ చెరువులో, పిల్ల డూలీ చేతుల్లో. పది నిమిషాల్లో బొమ్మ అయిపోతుంది. ఇలాంటివి అరవై తీశారు మహానుభావులు!

ఈ బొమ్మలు తీసే ఎడెన్‌డేల్‌కి రాకముందు గస్ మిల్వాకీలో తాపీపని చేసేవాడు. అక్కడ ఎండా చలీ, ఇక్కడ నీళ్లూ తన్నులూ. అయినా ఇదే నయమనుకున్నాడు. కోరా ఇక్కడుంది మరి.

కోరా స్టూడియోలో బట్టలు కుట్టేది. రోజూ చిరిగే అతని ప్యాంటు రోజూ ఆవిడ చేతికే వచ్చేది.

"ఏమయ్యా గస్, ఇందులో గుడ్డకంటే నా దారమే ఎక్కువుంది!" అని దెప్పేది. ఆ దెప్పుళ్ల కోసమే అతను పనిలోకి వచ్చేవాడంటే అబద్ధం కాదు.

ఒకనాడు భోజనాల వేళ, కెమెరా మూసేశాక, చెరువు గట్టున గస్ నిజంగానే కోరా ముందు మోకాలి మీద కూర్చున్నాడు. అటుగా పోతున్న డూలీ చూశాడు. మంచివాడే పాపం. రిహార్సల్ కాబోలనుకుని అలవాటు కొద్దీ లాగి తన్నాడు.

అందరూ పడీపడీ నవ్వారు. కోరా కూడా నవ్వింది. గస్‌కి ప్రాణం చచ్చిపోయింది. ఆ తర్వాత నెల్లాళ్లు ప్యాంటు ఎవరిచేతో పంపాడే గానీ, కుట్టుగది గడప తొక్కలేదు.

చివరికి డూలీయే పరుగెత్తుకొచ్చాడు. "ఒరేయ్, కోరా శాన్ ఫ్రాన్సిస్కోలో వాళ్లక్క దగ్గరికి వెళ్లిపోతోందట! రేపే రైలు. పోయి అడగరా. ఈసారి నా కాళ్లు కట్టేసుకుని కూర్చుంటా, ఒట్టు!"

గస్ కుట్టుగదిలోకి వెళ్లి, కోరా కుర్చీ ముందు మోకాలి మీద కూర్చున్నాడు. నోరు తెరిచి, గబుక్కున వెనక్కి చూశాడు. మళ్లీ తెరిచాడు, మళ్లీ చూశాడు.

"ఎవరూ లేరు గస్," అంది కోరా.

"తెలుసు. ఈ వెధవ ఒంటికే తెలీడం లేదు," అన్నాడు. కళ్లలో నీళ్లు తిరిగాయి.

ఈసారి కోరా నవ్వలేదు. కత్తెర పక్కన పెట్టి లేచింది. చుట్టూ తిరిగి వెళ్లి, అతని వెనక నిలబడి, రెండు భుజాల మీదా చేతులు వేసింది.

"వెనక నేనున్నా. ఇప్పుడడుగు."

ఎదురుగా ఖాళీ కుర్చీ. దానికేసి చూస్తూనే గస్ అడగాల్సిందంతా అడిగేశాడు. "సరే" అని కోరా అన్నాకే వెనక్కి తిరిగాడు.