ఎన్నేళ్లు మిగిలింది అని అడిగే బాబాయి

బాబాయి పోయాడన్న కబురు నాకు మెట్రోలో తెలిసింది. కాలేజీకి వెళ్తున్నాను. నాన్న ఫోన్ చేసి, "బిడ్డా, యాడున్నవ్? వచ్చే స్టేషన్‌ల దిగి దవాఖానకు రా" అన్నాడు. అంతకుమించి ఏమీ చెప్పలేదు. బాబాయికి ఎలా ఉందని అడగబోతే ఫోన్ పెట్టేశాడు, దాంతో నాకు అర్థమైంది. తలుపులు తెరుచుకున్నాయి. కొందరు దిగారు, కొందరు ఎక్కారు. నేను దిగాల్సిన స్టేషన్ దాటిపోయింది.

డెంగ్యూ. ఆయనకు నలభై ఒక్కేళ్లు. జ్వరం మొదలైంది శనివారం. వారాంతపు షిఫ్టుకు ఆయన కంపెనీలో డబ్బు ఎక్కువ ఇస్తారు. ఆ డబ్బును ఇంటి అప్పులో జమ చేయాలని బాబాయి ముందే అనుకుని ఉన్నాడు. మాత్ర వేసుకుని క్యాబ్ ఎక్కాడు. ఆదివారం కూడా అంతే. సోమవారం ఆసుపత్రిలో చేర్చారు, శుక్రవారానికి అంతా అయిపోయింది. రెండు రోజులు ముందు తెచ్చి ఉంటే బతికేవాడా అని పిన్ని డాక్టరును అడిగింది. చెప్పలేమమ్మా అన్నాడాయన. అవుననీ కాదనీ చెప్పని ఆ మాటతో పిన్ని ఇక ఎన్నేళ్లు గడపాలో నాకు తెలియదు.

బాబాయి అంటే మా నాన్న తమ్ముడు. గచ్చిబౌలిలో ఒక కంపెనీలో రాత్రి షిఫ్టు ఉద్యోగం. పిన్నిది కోస్తా వైపు, ఒక ప్రైవేటు స్కూల్లో పాఠాలు చెబుతుంది. వాళ్లమ్మాయి, నాకు చెల్లెలు, ఏడో తరగతి. నార్సింగిలో ఔటర్ రింగు రోడ్డుకు దగ్గరగా ఒక ఫ్లాటు కొనుక్కున్నారు. దాని మీద అప్పు ఉంది. బాబాయి పోయాడు గానీ అప్పు ఎక్కడికీ పోలేదు. కాగితాల మీద పిన్ని సంతకం కూడా ఉంది కాబట్టి అది ఇప్పుడు ఆమె ఒక్కదానిది. ఆ ఇల్లు పిన్నికి నిలుస్తుందా నిలవదా అన్న ప్రశ్న దినాలు పూర్తికాకముందే మా మధ్యకు వచ్చి కూర్చుంది.

ఆ ప్రశ్నకు జవాబు చెప్పే ముందు ఆయన ఎలాంటివాడో చెప్పాలి.

పొద్దున మేం టిఫిన్లు తినే వేళకు ఆయన డ్యూటీ దిగేవాడు. సెలవుల్లో నేను వాళ్లింట్లో ఉన్నప్పుడు రోజూ చూసేదాన్ని. బూట్లు విప్పకుండా నేరుగా బాల్కనీలోకి వెళ్లి, నిలబడే టీ తాగేవాడు. తూర్పు బాల్కనీ. ఫ్లాటు కొన్నప్పుడు ఆ ఎండ చూసే ఆశపడ్డాడట, దానికోసం కొంత ఎక్కువ కూడా ఇచ్చాడట. టీ అయిపోగానే లోపలికి వచ్చి, తెరలన్నీ వేసి, పిన్ని చున్నీ ఒకటి కళ్ల మీద కప్పుకుని పడుకునేవాడు. చెల్లికి చిన్నప్పటి నుంచి చప్పుడు చేయకుండా ఆడుకోవడం అలవాటైంది. బొమ్మ కిందపడబోతే నేలను తాకకముందే పట్టుకునేది. ఆయన అంత ఇష్టపడి కొనుక్కున్న ఇంటి వెలుతురును, టీ తాగినంతసేపు తప్ప, ఆయన చూడలేదు.

నవ్వేవాడు బాగా. నాకు తెలుగు మెయిన్‌గా డిగ్రీలో సీటొచ్చిందంటే చుట్టాలు మొహాలు చూసుకున్నారు. బాబాయి మాత్రం, "మంచిగైంది, ఇంట్ల అందరం ఇంగ్లీషుల తిట్టించుకునెటోళ్లమే. ఒక్కరన్న తెలుగుల తిట్టెటోళ్లు ఉండాలె" అన్నాడు. ఆ తర్వాత ఎప్పుడు కలిసినా నన్నో మాట అడిగేవాడు. ఆఫీసులో రోజూ వాడే మాటలకు తెలుగు చెప్పమనేవాడు. నేను ఇంటికెళ్లి వెతికి, మర్నాడు ఫోన్ చేసి చెప్పేదాన్ని. కొన్ని ఆయనకు నచ్చేవి, కొన్ని విని పగలబడి నవ్వేవాడు. ఒకసారి, అప్పు తీరడానికి పట్టే కాలాన్ని బ్యాంకులో టెన్యూర్ అంటరు, మనం ఏమంటం అని అడిగాడు. గడువు అన్నాను. రెండుసార్లు పైకి అనుకుని చూసుకున్నాడు. ఆ రోజు నవ్వలేదు.

ఎందుకు నవ్వలేదో తర్వాత పిన్ని చెప్పింది.

ఆయన అప్పు తీసుకున్నప్పుడు వడ్డీ రేటు తక్కువగా ఉండేది. ఇరవై ఏళ్లకు రాసుకున్నారు. తర్వాత కొంతకాలానికి రేట్లు పెరగడం మొదలైంది. అదే పనిగా పెరిగాయి. ఆఫీసులో అందరూ పరేషాన్‌లో ఉన్నారట. కొందరికి నెల నెలా కట్టే సొమ్ము పెరిగింది. బాబాయికి మాత్రం పెరగలేదు. ప్రతి నెలా ఖాతాలోంచి అదే మొత్తం పోతోంది, ఒక్క రూపాయి తేడా లేదు. బ్యాంకు నుంచి ఫోనుకు ఏవో సందేశాలు వస్తే, కట్టేది మారలేదు కదా అని వాటిని తెరిచి చదవలేదు. ఆ సంతోషంలో ఒక ఆదివారం బిర్యానీ తెచ్చి మా అందరినీ పిలిచాడు. నాకా రోజు బాగా గుర్తుంది. నాన్నతో, "అన్నా, నా కిస్తు ఇంచు గూడ కదలలే. మంచి బ్యాంకు దొరికింది నాకు" అన్నాడు. నాన్న కూడా తమ్ముడి తెలివికి మురిసిపోయాడు.

నాలుగేళ్లు కట్టాక, బోనసు డబ్బు చేతికొస్తే అప్పులో కొంత జమ చేద్దామని బ్యాంకుకు వెళ్లాడు. ఇంకా ఎన్నేళ్లుంది మేడమ్ అని మామూలుగా అడిగాడు. పదహారు అంటుందనుకున్నాడు. కౌంటర్‌లో ఉన్న అమ్మాయి కంప్యూటర్‌లో చూసి ఇరవై మూడు అంది.

పొరపాటేమో మళ్లీ చూడమన్నాడు. పొరపాటు లేదు. రేటు పెరిగినప్పుడల్లా బ్యాంకు కిస్తును ముట్టుకోకుండా, ఏళ్లను పెంచుకుంటూ పోయింది. కట్టిన దాంట్లో దాదాపు అంతా వడ్డీకే పోయింది. తెచ్చిన అప్పులో పదో వంతు కూడా తగ్గలేదు. నాలుగేళ్లు నడిచి, బయల్దేరిన రోజు కన్నా మూడేళ్లు వెనక్కి జరిగాడన్నమాట. ఆయనకు అప్పుడు ముప్పై తొమ్మిది. అప్పు తీరే నాటికి అరవై దాటుతాయి, ఉద్యోగం ఉండదు. ఆ బిర్యానీ తిన్న నెలలో కూడా ఏళ్లు పెరుగుతూనే ఉన్నాయి.

ఇంటికొచ్చి పిన్నికి చెబుతూ, ఆయన ఒక మాట అన్నాడు. తర్వాత మాకందరికీ అదే మాట చెప్పేవాడు. "కొత్తగూడల బస్సెక్కి కూకట్‌పల్లికి టికెట్ తీసుకున్నం అనుకో. టికెట్ పెరగలే, టికెట్ పెరగలే అని ఖుషీ అయితున్నం. వాళ్లు కూకట్‌పల్లినే అవుతలికి జరుపుతున్నరు. మనం కిటికీల నుంచి చూస్తలేం."

అప్పటి నుంచి మనిషి మారాడు. పగటి ఉద్యోగం వెతుక్కోవాలన్న ఆలోచన మానేశాడు, అందులో జీతం తగ్గుతుంది కాబట్టి. కిస్తు పెంచమని బ్యాంకులో రాసిచ్చాడు. వారాంతాల షిఫ్టులు అడిగి వేయించుకున్నాడు. ఇంకో అలవాటు కూడా పట్టుకుంది. ఎవరి గృహప్రవేశానికి వెళ్లినా ఇంటాయనను పక్కకు తీసుకెళ్లి ఒకటే అడిగేవాడు.

నాన్న స్నేహితుడొకాయన కొత్తగూడలో ఫ్లాటు కొన్నాడు. పాలు పొంగించారు, వ్రతం అయింది, భోజనాలు నడుస్తున్నాయి. బాబాయి విస్తరి చేతిలో పెట్టుకునే ఇంటాయనను పట్టుకున్నాడు. రేటు పెరిగితే నీ కిస్తు పెరుగుతదా, ఏండ్లు పెరుగుతయా అని అడిగాడు. ఆయన తలుపు దగ్గర వచ్చేవాళ్లకు దండాలు పెడుతూ, "ఏందయ్యా, పాలు పొంగిన పొద్దే గిట్ల అడుగుతవ్? ముందుగాల గారెలు తిను" అన్నాడు. పక్కనున్నవాళ్లు నవ్వారు. ఒకాయన, "గడువు సారు వచ్చిండు, ఇగ మన ఆయుష్షు లెక్క గూడ చెప్తడు" అన్నాడు. ఆ పేరు ఆయనకు స్థిరపడిపోయింది. నేనిచ్చిన మాటే అలా ఆయన మీదకు తిరిగొచ్చిందని నాకు కష్టంగా అనిపించింది. ఆయన మాత్రం తనూ నవ్వి, విస్తరిలో గారె తిని, మళ్లీ అదే ప్రశ్న అడిగాడు.

"ఏడాదికొక్కసారి పోయి అడుగుండ్రి. ఎంత కడుతున్నం అని కాదు, ఎన్నేండ్లు మిగిలింది అని." ఇది ఆయన చెప్పే మొదటి మాట. రెండోది, జీతం పెరిగినప్పుడల్లా కిస్తు కూడా కొంచెమన్నా పెంచుకోవాలని. మొదటి సంవత్సరాల్లో కట్టిన చిన్న మొత్తమే చివర్లో ఏళ్లకేళ్లు తగ్గిస్తుందనేవాడు. ఇల్లు కొనవద్దని ఎవరికీ చెప్పలేదు. ధర చూసి కొంటున్నామనుకుంటాం గానీ ఆ ధరకు రెండింతలు పైగా కడతామని తెలిసి కొనమనేవాడు. ఆ మాట చాలామందికి రుచించలేదు. కొందరు శుభకార్యాలకు పిన్నిని మాత్రమే పిలవసాగారు.

కొత్తగూడ ఇంటాయన దినాలకు వచ్చాడు. బాబాయి ఫొటో ముందు చాలాసేపు కూర్చుని, లేచి వెళ్తూ నాన్న చేతులు పట్టుకున్నాడు. పోయినేడు బ్యాంకుకు పోయి అడిగిన, అప్పటికే రెండేండ్లు పెరిగినయి, మీ తమ్ముడే దగ్గరుండి సరిచేయించిండు అని చెప్పాడు. ఆ సంగతి బాబాయి మాకెవరికీ చెప్పలేదు.

అన్నీ చూసిన ఆ మనిషి ఒకటి చూడలేదు. అప్పు తీసుకునేటప్పుడు, మనిషి పోతే అది తీర్చే బీమా చేయించుకోమని బ్యాంకువాళ్లు అన్నారట. ఆ ప్రీమియం కూడా అప్పులోనే కలుపుతామన్నారట. దాని మీద కూడా వడ్డీ ఎందుకని వద్దన్నాడు. విడిగా చవకలో ఒకటి చేయిద్దామనుకున్నాడు. ఆ తర్వాత ప్రతి నెలా చేతిలో మిగిలింది అప్పుకే పోయింది, బీమా వచ్చే నెలకు జరిగింది. ఇది పిన్ని నిష్ఠూరంగా చెప్పలేదు. అడిగితే చెప్పింది.

కంపెనీ నుంచి కొంత సొమ్ము వచ్చింది. అది మొత్తం బ్యాంకుకు ఇచ్చేసినా అప్పు ఇంకా మిగులుతుంది. పిన్ని జీతం కిస్తుకు చాలదు. దినాలయ్యాక ఒక సాయంత్రం నాన్న ఈ సంగతి ఎత్తాడు. సొమ్మంతా కట్టేద్దాం, మిగిలినదానికి నెల నెలా నేనూ కొంత వేస్తాను, ఇల్లు మాత్రం అమ్మవద్దు అన్నాడు. "వాడు పానం పెట్టి కట్టిండమ్మా. అమ్ముతే వాడు పడ్డదంతా మన్నుల పోసినట్టయితది" అన్నాడు.

పిన్ని చెల్లిని లోపలికి పంపింది. తర్వాత నెమ్మదిగా అంది.

"బావగారూ, మీరు వేస్తానన్నారు, మీ మంచితనం. కానీ ఎన్నేళ్లండీ?"

నాన్న చెల్లి వెళ్లిన గది వైపు చూశాడు. పిన్నే మళ్లీ అంది.

"మీకూ ఆడపిల్ల ఉంది. మీరూ రిటైర్ అవుతారు. ఆయన రెండేళ్లు ఎండ మొహం చూడకుండా కట్టారు. నేనూ అలాగే కడితే, మా పిల్ల చదువయ్యి ఉద్యోగంలో చేరేనాటికి మిగిలింది దాని నెత్తిన పెడతాను. ఆయన అలా పెట్టకూడదనే కదండీ అంత పాటుపడ్డారు. ఇల్లు ఉంచితే ఆయన పడ్డ కష్టం నిలవదు, కొనసాగుతుంది."

నాన్న తల వంచుకున్నాడు. "సరే అమ్మా, నీ ఇష్టం" అన్నాడు. మా నాన్న కళ్లలో నీళ్లు నేను మొదటిసారి చూసింది ఆసుపత్రిలో కాదు, అప్పుడు.

కొనేవాళ్లు త్వరగానే దొరికారు. ఫ్లాట్ల ధరలు పెరిగి ఉండటంతో బ్యాంకుది తీరాక కొంత మిగిలింది. ఇల్లు కొన్నప్పుడు అమ్మి పెట్టిన పిన్ని బంగారం, ఇన్నేళ్ల వడ్డీ తీసేస్తే వచ్చింది లాభమా నష్టమా అని నాన్న చూడబోతే, వద్దండి బావగారూ, అందులో ఆయన్ని ఎంతకు వేస్తారు అంది. చెల్లి స్కూలుకు దగ్గరగా రెండు గదుల ఇల్లు కిరాయికి తీసుకున్నారు.

సామాను తరలించిన రోజు నేనూ వెళ్లాను. లారీ ముందు పోయింది. పిన్ని, చెల్లి ఇద్దరూ బాబాయి స్కూటరు మీద బయల్దేరారు. గేటు దగ్గర వాచ్‌మన్ ఆపి, చాలా ఇబ్బంది పడుతూ, బండి మీది పార్కింగ్ స్టిక్కర్ తీసెయ్యాలమ్మా, అసోసియేషన్ వాళ్లు అడుగుతరు అన్నాడు. పిన్ని దిగింది. గోటితో గీకింది. ఆరేళ్ల ఎండకు, వానకు అది రేకులో కలిసిపోయినట్టు అంటుకుని ఉంది. తాళం చెవితో గీకింది. ఫ్లాటు నంబరు సగం ఊడింది. మిగతా సగం రాలేదు. వెనక కార్లు ఆగి హారన్లు కొడుతున్నాయి. ఇగ చాలమ్మా, పోండి అన్నాడు వాచ్‌మన్.

పిన్ని స్కూటరు తీసింది. చెల్లి వెనక కూర్చుని, ఆమె నడుము చుట్టూ చేతులు వేసింది. సర్వీసు రోడ్డు మలుపు తిరిగేదాకా నేను గేటు దగ్గరే నిలబడి చూశాను. స్టిక్కర్ ఊడినచోట మిగిలిన జిగురు మరక మీద, బండి కదలకముందే దుమ్ము పేరుకోవడం మొదలైంది.