ఎర్రజెండానా, పచ్చజెండానా?

మా నాన్న బిలాస్‌పూర్‌లో గూడ్సు బండి గార్డుగా రిటైరయ్యారు. క్వార్టర్ ఖాళీ చేసి, అమ్మతో సహా అదే ఊళ్ళో, తెలిపారా పేటలో నా దగ్గరే ఉంటున్నారు. చెవులు మాత్రం రైల్వేకే వదిలేసి వచ్చారు. వినికిడి మెషీన్ కొనిస్తే, గరగరమంటోందని బీరువాలో పడేశారు. మేం టీవీ చూసి నవ్వుతుంటే మొదట్లో "ఏటన్నాడే?" అని అడిగేవారు. రెండుసార్లు అరిచి చెప్పేదాన్ని. మూడోసారికి ఒళ్ళు మండి "ఏటీ లేదులే నాన్నా" అనేసేదాన్ని. అలా అనీ అనీ ఆయన్ని హాల్లోంచి నేనే తరిమేశాను. సాయంత్రమైతే వరండాలో ఒక్కరే కూర్చునేవారు.

ఓ ఆదివారం ఫోనులో మాటల్లేని కాలంనాటి హాస్యచిత్రం ఒకటి దొరికింది. పట్టుమని పది నిమిషాలు లేదు. టీవీలో పెట్టి, నాన్నను చెయ్యి పట్టుకుని లాక్కొచ్చాను.

తెరమీద ఓ లావుపాటాయన రెండు ట్రంకుపెట్టెలతో ప్లాట్‌ఫారం మీద పరుగెడుతున్నాడు. అవతల గార్డు జెండా ఎత్తాడు. అంతే, నాన్న కుర్చీలోంచి లేచిపోయారు.

"ఆపు, ఆపు! అదేటే, ఎర్రజెండానా, పచ్చజెండానా?"

నలుపు తెలుపు సినిమాలో నాకేం తెలుస్తుంది? పగలబడి నవ్వాను. ఆయనకది నవ్వులాట కాదు. వెనక్కి తిప్పించి మళ్ళీ చూశారు.

"ఊపుతన్నాడు కదా, పచ్చే. అచ్ఛా, ఇప్పుడు బండి కదుల్తాది. ఈడి పని అయిపోనాది, సూడు."

నిజంగానే బండి కదిలింది. పెట్టెలు జారి పగిలాయి. ఆ లావుపాటాయన పంట్లాం బండి తలుపుకు చిక్కుకుని ఊడి, బండితోపాటే వెళ్ళిపోయింది. నాన్న పొట్ట పట్టుకుని నవ్వారు. ఆ నవ్వు విని ఎన్నాళ్ళయిందో! నాకు ఏడుపొచ్చినంత పనైంది.

కుక్కర్ కట్టేయడానికి వెళ్ళిన అమ్మ ఆ నవ్వు విని పరుగున వచ్చింది.

"ఏటయిందండీ? ఏటలా నవ్వుతన్నారు?"

ఆమె పెదవులు చూసి నాన్నకు అర్థమైంది. నావైపు ఓ చూపు చూసి, తాపీగా అన్నారు.

"ఏటీ లేదులే."

నా నవ్వు ఠక్కున ఆగిపోయింది. ఆ మాట అవతలివాళ్ళకు ఎలా తగులుతుందో అప్పటిదాకా నాకు తెలియదు. ఆయన కళ్ళు మాత్రం కొంటెగా మెరుస్తున్నాయి.

"రా, కూకో" అని అమ్మను పక్కన కూర్చోబెట్టుకుని, భుజం మీది తువ్వాలు జెండాలా ఊపుతూ, కథంతా మొదటినుంచీ చెప్పారు.