వాషింగ్ మెషిన్ పక్కన తీసిన షాట్

నిన్న ఇక్కడ కెనడాలో, బ్రాంప్టన్‌లోని మా లైబ్రరీకి పుస్తకాలు తిరిగి ఇవ్వడానికి వెళితే గోడ మీద పోస్టర్ కనిపించింది. ఈజిప్టు డాక్యుమెంటరీ దర్శకురాలి సినిమాలు వేస్తారట. ఫొటోలో ఆమె ఎప్పటిలాగే తిన్నగా చూస్తోంది. మూడేళ్ల కిందటి నా విసుగు లేచి కూర్చుంది.

అప్పట్లో ఊళ్లో ఏ బేస్‌మెంట్ చూసినా విద్యార్థులే. మా ఇంటి బేస్‌మెంట్‌లో అయిదుగురు తెలుగు అమ్మాయిలు అద్దెకుండేవారు. ఈ దర్శకురాలు లైబ్రరీలో డాక్యుమెంటరీల క్లాసు చెప్పేది; నేను మొదటి వరుస. ఇంటర్‌తో చదువు ఆగినవాణ్ణే గాని, డాక్యుమెంటరీల మీద అక్కడున్న పుస్తకాలన్నీ చదివేశాను. ఆమె కైరోలో టీవీ ఉద్యోగం మానేసింది, ఏడ్చినవాళ్లను కెమెరా కోసం మళ్లీ ఏడవమన్నారని. తర్వాత అక్కడే, పాతకాలం పద్ధతిలో కాలితో ఇస్త్రీపెట్టె తోసే ఒక ముసలాయన దుకాణంలో ఏడాది కూర్చుని నలభై నిమిషాల సినిమా తీసింది. అలాంటి మనిషి మా బేస్‌మెంట్‌లో సినిమా తీస్తానంది, అమ్మాయిలూ సరేనన్నారు. ఇంకేం కావాలి?

కెమెరా వస్తోందని పెళ్లిచూపులకు సర్దినట్టు సర్దించాను. చెప్పుల కుప్ప గ్యారేజీకి పోయింది, పరుపుల మీద కొత్త దుప్పట్లు వెలిశాయి. ఆమె వచ్చి చూసి, టీ తాగి, సంచి తీసుకుని లేచింది. ఇల్లు మళ్లీ మామూలయ్యాక వస్తానంది.

"అన్ని పుస్తకాలు చదివారు, ఈ ముక్క ఏ పేజీలోనూ లేదా?" అంది మా ఆవిడ.

తర్వాత రెండు నెలలు దర్శకురాలు కెమెరా లేకుండానే వచ్చింది. అమ్మాయిలతో కలిసి గిన్నెలు తోమేది. నేను లైటింగ్ గురించి ఏదైనా చెప్పబోతే ఉల్లిపాయలు చేతికిచ్చేది.

చివరికి తీసింది. తీసినదాన్ని ముందుగా అందులో ఉన్నవాళ్లకే చూపించి, వాళ్లు వద్దన్నది తీసేయడం ఆమె పద్ధతి. బేస్‌మెంట్ గోడ మీదే వేసింది. అందులో ఒక షాట్ ఉంది. నిజామాబాద్ అమ్మాయి గోదాములో డ్యూటీ ముగించుకొచ్చి, వాషింగ్ మెషిన్ పక్కన పరుపు మీద కూర్చుని పచ్చడన్నం తింటూ, ముద్ద చేతిలో ఉండగానే కునుకు తీస్తుంది. మెషిన్ ఆగగానే ఉలిక్కిపడి లేచి, మళ్లీ తింటుంది. అంత మంచి షాట్ నేను చూడలేదు.

"అంకుల్, ఇది తీసెయ్యమని చెప్పరా? నాకు సెపరేట్ రూమ్ ఉందని చెప్పిన ఇంట్ల. మా అమ్మ చూస్తే తిండి మానేస్తది," అంది ఆ పిల్ల.

"మొహం సరిగ్గా కనబడనే కనబడదు కదమ్మా."

"మా అమ్మకి నా చెయ్యి చాలు అంకుల్."

ఆ పిల్ల మాటను దర్శకురాలికి ఇంగ్లీషులో చెప్పి, షాట్ ఉంచడానికి నా కారణాలు రెండు కలిపాను. ఆమె నా కారణాలు ఓపికగా విని, అక్కడే లాప్‌టాప్ తెరిచి తీసేసింది. ఒక్క కాపీ అయినా ఉంచుకోండని బతిమాలాను. ఉంచుకుంటే తీసేసినట్టు కాదంది. వారం రోజులు ఆమెతో మాట్లాడలేదు. ఆమె గమనించినట్టు కూడా లేదు.

నిన్న ఆ పోస్టర్ ఫొటో తీసి నిజామాబాద్ అమ్మాయికి పంపాను. ఇప్పుడు కాల్గరీలో ఉద్యోగం. వాళ్లమ్మ విజిటర్ వీసా మీద వచ్చి ఉందట. వెంటనే ఫోన్ చేసింది.

"అంకుల్, ఆ ముక్క ఎక్కడన్న దొరుకుతదా? అమ్మకు చూపిస్తా. అప్పటి సంగతులు చెప్తుంటే నమ్ముతలేదు."

లేదమ్మా అన్నాను. మనిషి చెరిపేయమన్నదాన్నే మళ్లీ వెతుక్కునేలా చేయడానికి కాలానికి మూడేళ్లు చాలు. ఆ సంగతి నేను చదివిన పుస్తకాల్లో ఎవరూ రాయలేదు.