పేపరువాళ్ల రేడియోలో మా తెలుగు అరగంట

మా ఊరి దినపత్రిక తన చరిత్రను పుస్తకంగా వేసుకుంది. న్యూజిలాండ్‌లోని ఈ హామిల్టన్‌లో ఇన్నేళ్లుగా ఉంటున్నవాణ్ణి, ఆ పత్రిక పెట్టిన రేడియోలో గొంతు బొంగురుపోయేలా మాట్లాడినవాణ్ణి, నన్ను మాత్రం ఎవరూ ఒక్క ముక్క అడగలేదు. మొదటి అచ్చుయంత్రం గురించి రాశారు. ఎడిటర్ కుర్చీలో పడుకునే పిల్లి గురించి రాశారు. మొదలుపెట్టీ పెట్టగానే మూతపడిన టీవీ చానల్‌కు పేజీ నిండా ఫొటో వేశారు. మా కార్యక్రమం గురించి ఉన్నది ఒకే వాక్యం: 'వారాంతాల్లో కొన్ని వలస భాషల కార్యక్రమాలు కూడా వచ్చేవి.' ఆ 'కూడా'లో ఉన్నది నేనే.

ఆ రోజుల్లో, రెండు వేల సంవత్సరం దాటిన కొత్తలో, పేపరు నడిపేవాళ్లకు గాలిలో కూడా వినబడాలని మోజు ఉండేది. నేను పగలు చదువుకుంటూ సాయంత్రాలు ఆ పేపరు మడతల్లో ప్రకటనల కాగితాలు దూర్చే పని చేసేవాణ్ణి. పాత పేపర్లు పడేసే మేడమీది గదికి గోడలదాకా కార్పెట్ అంటించి, అదే స్టూడియో అన్నారు. దాని మేనేజరు ఎండాకాలంలోనూ ఒకే స్వెటర్‌తో తిరిగే కివీ పెద్దమనిషి. మాలో మేము స్వెటర్ అంకుల్ అనుకునేవాళ్లం. ఆదివారం మధ్యాహ్నం అరగంట తెలుగుకు ఇస్తూ ఆయన పెట్టిన షరతు ఒక్కటే: ఆ వారం పేపర్లో వచ్చిన వార్తలు తెలుగులో చదవాలి, మిగిలిన సమయంలో పాటలు వేసుకోవచ్చు. వార్తలు చదవాలన్నది నాకు చిన్నప్పటి కోరిక. చివర్లో 'వార్తలు చదివినది' అంటూ నా పేరు నేనే గంభీరంగా పలకడం ఊహించుకుంటేనే ఒళ్లు పులకరించేది. ఫ్లాట్‌లో స్నానాలగది తలుపేసుకుని సాధన చేసేవాణ్ణి. (బయట నా రూమ్మేట్, కరీంనగర్ వాడు, 'అన్నా, వార్తలైపోతె జర బయటికి రా, నాకు క్లాసున్నది' అని తలుపు కొట్టేవాడు.)

ముందు పాటలు, తర్వాత వార్తలు అనుకున్నాను. అక్కడే చెడింది. మనవాళ్లు పాట అడిగితే పాట ఒక్కటే అడగరు కదా. ఊరి ఉత్తరాన రోటోటూనాలో ఉండే నర్స్ ఆంటీ, గుంటూరు వైపు ఆవిడ, మొదటి ఆదివారమే ఫోన్ చేసి ఒక పాట కోరి, దాన్ని ఇంటిల్లిపాదికీ, డ్యూటీలో తోటివాళ్లకూ, చర్చిలో వాళ్లకూ అంకితమివ్వమంది. అన్నీ చదివాను. మర్నాడే మళ్లీ ఫోన్. "ఏంటి బాబూ, మా తోడికోడలి పేరు చదివి మా ఆడపడుచు పేరు మింగేశావు? పొద్దున్నుంచి నాతో మాట్లాడట్లేదు తను." పై వారం క్షమాపణతో సహా ఆడపడుచును చదివాను. అది విని మిగతా ఇళ్లవాళ్లు కూడా తమ వదినలనూ మరుదులనూ గుర్తుచేసుకున్నారు. పాటలు పల్లవికి కుదించాను, తర్వాత పల్లవికి ముందొచ్చే సంగీతానికి. వార్తల కాగితం చొక్కా జేబులోనే నలిగిపోయేది. కాకపోతే ఆ పేర్లనే వార్తల గొంతుతో, ఒక్కొక్కటీ నిదానంగా, బరువుగా చదివేవాణ్ణి.

ఒక ఆదివారం స్వెటర్ అంకుల్ పక్కగదిలో కూర్చుని మొత్తం విన్నాడు. (పేపర్లో వచ్చే మరణ ప్రకటనలను ఆ రేడియోలో రోజూ పొద్దున చదివేవారు.) బయటికి రాగానే నా భుజం మీద చెయ్యి వేశాడు.

"మీవాళ్లు ఇంతమంది పోయారని నాకు తెలియదు. సెలవు కావాలంటే తీసుకో."

"అందరూ బతికే ఉన్నారు సార్. పాటలు అడిగారు."

ఆయన భుజం మీంచి చెయ్యి తీసేశాడు. "మరి పాట ఏది?"



కొన్నాళ్లకు పత్రిక ఆ రేడియోను ఎవరికో అమ్మేసింది. చివరి అరగంటలో పేర్లు చదవను, వార్తలే చదువుతానని రూమ్మేట్‌తో పంతం పట్టి మరీ వెళ్లాను. ఆ రోజు ఫోన్ మోగడం ఆగితే ఒట్టు. నర్స్ ఆంటీ అయితే, "ఇంక మమ్మల్ని పేరెట్టి పిలిచేదెవరు బాబూ ఈ ఊళ్లో" అంది. ఆ మాట తర్వాత వార్తలేం చదవను? అందరి పేర్లూ చదివేశాను. ఎవరినీ వదల్లేదు. ఊపిరి తీసుకుని, "చదివినది" అన్నాను. అంతే, అరగంట అయిపోయి రగ్బీ కామెంటరీ వచ్చేసింది.

పుస్తకం చూశాక పత్రిక ఆఫీసుకు వెళ్లి తగువుపడ్డాను. అక్కడి అమ్మాయి ఓపికగా విని, "మీ గొంతు విన్నవాళ్లు ఒక్కరైనా వచ్చి మీ పేరు చెబితే మలి ముద్రణలో చేరుస్తాం" అంది. నేరుగా రోటోటూనా వెళ్లాను. ఆంటీ కాఫీ ఇచ్చింది, ఆ రోజులు తలుచుకుని కళ్లు తుడుచుకుంది. అసలు సంగతి చెప్పగానే తికమకపడింది. "నీ పేరు ఎప్పుడన్నా చెప్పావా బాబూ? మాకు నువ్వు రేడియో అబ్బాయివే."

ఇంటికి డ్రైవ్ చేసుకుంటూ వస్తుంటే ఆ రేడియో అబ్బాయి మీద కోపం రాలేదు, నవ్వే వచ్చింది. అంతమంది చుట్టరికాలను కాపాడడానికి ఎంత తాపత్రయపడ్డాడో పాపం. కానీ నేను మరిచిపోయే మనిషిని కాను. ఆ అరగంట విన్నవాళ్లారా, మీ అత్తలనూ మామలనూ, పుట్టబోయే పిల్లలను సైతం ఈ ఊరి గాలిలోకి ఎక్కించాను. మీలో ఒక్కరు, ఒకే ఒక్కరు, ఆ పత్రిక ఆఫీసుకు వెళ్లి నా పేరు చెప్పండి. ఎవరు వెళ్తున్నారో ముందు నాకు జవాబివ్వండి.