చిరిగిన ఉత్తరంలో నా పేరు

ఆ రచయిత దేశం విడిచి ఎందుకు పోయాడని అడిగితే ఆళ్లగడ్డలో తలా ఒక మాట చెబుతారు. అతని కథలన్నిటికీ సాపు ప్రతి రాసిన నన్ను మాత్రం ఇంతవరకూ ఒక్కరూ అడగలేదు.

కర్నూలు రాజధాని అయిన ఏడు అతనొక కథ రాశాడు. పెద్ద రైతు ఒకడు కాలువ నీళ్లన్నీ తన చేలకే మళ్లించుకున్న కథ. పేర్లు లేవు. నంద్యాలలో నా గదిలో కూర్చుని సాపు రాసి మద్రాసు పత్రికకు పంపాను. అచ్చు కాకముందే ఆ రైతు మనుషులు అతని ఇంటి మీదికొచ్చారు. వారం తిరక్కుండా అతను రంగూన్ వెళ్లిపోయాడు. నాకు చెప్పలేదు.

ఈ చుట్టుపక్కల కథ చూసింది మేమిద్దరమే కనుక బయటపెట్టింది నేనేనన్నారు. టీ అంగట్లో ఎవరితోనైనా నోరు జారానా? జారినట్టూ ఉంటుంది, జారనట్టూ ఉంటుంది.

ఆళ్లగడ్డలో ఉండే అతని అక్కకు చదువు రాదు. ఉత్తరం వస్తే కబురు పెట్టేది. శిరివెళ్ల మీదుగా బస్సులో వెళ్లి చదివేవాణ్ణి. ఉత్తరాల నిండా ఇరుకు గది, సయించని అన్నం, ముందుకు సాగని రాత. అక్కడ తెలుగు మాటకు తోడు ఒక్క ముసలాయన. నాలుగేళ్లు ఏ ఉత్తరంలోనూ నా ఊసే లేదు.

ఒక రోజు వచ్చిన ఉత్తరంలో మొదటి వాక్యం చదివాను: "నాతో ఉండే ముసలాయన పోయాడు."

అక్క ఉత్తరం లాక్కుంది. "సావు కబురు ఇంట్లో పెట్టుకుంటారా అప్పా!" అంటూ పరపరా చించి వీధిలో పారేసింది.

"ఇంకా ఉందక్కా!"

"ఏందుండేది? సచ్చినోడు లేచి కూచున్నాడని రాసినాడా? నువ్వూ నీళ్లు పోసుకో, పో."

ఆమె స్నానానికి పోయింది. నేను వీధిలో ముక్కలు ఏరాను. గాలికి కొన్ని పోయాయి. దొరికిన ఒక ముక్క మీద నా పేరు. దాని కింద: "నువ్వే బయటపెట్టావని అందరూ రాస్తున్నారు. నేను"

అంతే. తర్వాతి ముక్క లేదు.

మూడు జాబులు రాశాను. జవాబు లేదు. తర్వాత అక్కకూ ఉత్తరాలు ఆగిపోయాయి. అతనికి కోపమా, జబ్బా, నా జాబులు అందనేలేదా, తెలియదు. ఆ ముక్క ఇప్పటికీ నా పెట్టెలో ఉంది.

ఎక్కడున్నా సరే, ఆ వాక్యం పూర్తిచేసి పంపు. నమ్మావా, లేదా? తిట్టినా పడతాను. జవాబు మాత్రం రాయి.