ఆర్డరు రాని చెరకు

జాగా అయిపోయిందని మిషన్ చెప్పినప్పుడు నాకు పెద్దగా బాధ కలగలేదు. చేతిలో పట్టుకుని ఆడుకునే నా గేమ్ మిషన్ నాతో రెండే మాటలు మాట్లాడుతుంది: చార్జింగ్ అయిపోయింది, జాగా అయిపోయింది. నిజామాబాద్‌లో నా రూముకు వచ్చి ఈమాత్రం మాట్లాడేవాళ్లు కూడా తక్కువ కాబట్టి, అది ఏం చెప్పినా నేను మర్యాదగానే వింటాను.

కొత్తదేం కాదది. దుబాయి నుంచి తిరిగొచ్చిన ఎవరో అమ్ముకుంటే బజారులో ఒక సెకండ్ హ్యాండ్ షాపు అద్దాల వెనక పడి ఉన్నది. కంపెనీ వాళ్లే దాన్ని మర్చిపోయి చాలా కాలమైంది. దాని మెమరీ కార్డు దానికే ప్రత్యేకం, వేరే ఏదీ పట్టదు. పెద్ద కార్డు ఉందా అని అడిగితే షాపాయన నన్ను జాలిగా చూసి, "హైదరాబాద్‌ల గూడ దొరకది అన్నా, ఉన్నదాంట్లనే సదురుకో" అన్నాడు. ఇరుకు రూముల్లో ఉండేవాణ్ణి, సర్దుకోవడం నాకు వచ్చు.

అసలు జాగా ఎందుకు కావాల్సి వచ్చిందంటే, పక్క రూములో ఒక తమ్ముడు దిగాడు. డిచ్‌పల్లి యూనివర్సిటీలో చదువు, పొద్దున బస్సుకు పోయి సాయంత్రం బస్సుకు వస్తాడు. ఒకరోజు మెట్ల మీద నా చేతిలో మిషన్ చూసి ఆగిపోయాడు.

"అన్నా, గిదే మిషన్ నా దగ్గర గూడ ఉన్నది! ఫుట్‌బాల్ ఉన్నదా నీ దాంట్ల?"

"లేదు తమ్మీ. నాకు ఫుట్‌బాల్ రాదు."

"నాకొస్తదా ఏంది? రానోళ్లు ఇద్దరుంటెనే మజా. ఎక్కియ్యి అన్నా, ఐతారం ఆడుదం."

నేను ఫ్లెక్సీలు డిజైన్ చేసే షాపులో పనిచేస్తాను. పొద్దున పుట్టినరోజు శుభాకాంక్షలు, మధ్యాహ్నం శ్రద్ధాంజలి. ఊళ్లో సగం మంది ముఖాలు నాకు తెలుసు. నా ముఖం ఎవరికీ తెలియదు. ఆ రూములో ఉన్నంత కాలంలో నన్ను ఎవరైనా ఆటకు పిలవడం అదే మొదటిసారి. ఆ మాట తమ్ముడికి చెప్పలేదు. చెబితే పాపం భయపడి రూము ఖాళీ చేసేవాడు.

కాబట్టి ఫుట్‌బాల్‌కు జాగా చేయాలి. ఒక్కో ఆటా తీసేయడం మొదలుపెట్టాను. ఈ మిషన్‌లో ఆట తీసేస్తే అందులో మనం అప్పటిదాకా దాచుకున్నదంతా దానితోపాటే పోతుంది. తీసేసే ముందు అదే విషయం తెర మీద చూపించి, సరేనా అని అడుగుతుంది. కార్ల ఆటకు సరే అన్నాను. అందులో ప్రతిసారీ ఆఖరున వచ్చింది నేనే కాబట్టి, నేను పోతే మిగతా వాళ్లకు వచ్చే లోటేమీ లేదు. కరాటే ఆటకూ సరే అన్నాను. అందులో నాకు తెలిసిన విద్య ఒక బటన్‌ను గుద్దుతూ ఉండడమే. దయ్యాల ఆట తీసేస్తుంటే కాస్త హాయిగా కూడా అనిపించింది, మా ఇంటి ఓనరు కంటే భయపెట్టే దయ్యం అందులో నాకు కనిపించలేదు.

అన్నీ పోయాక కూడా ఫుట్‌బాల్‌కు జాగా చాలలేదు. మిగిలింది ఒక్కటే, పొలం ఆట. అది తీస్తే సరిపోతుంది. సరేనా అని అడిగింది. నా వేలు కదలలేదు. బటన్ చెడిపోయిందేమో అనుకున్నాను. బటన్ బాగానే ఉంది.

అందులో ఉన్నది మా బాపు పొలం.

మా ఊరు బోధన్ దాటాక, రెంజల్ వైపు. కిందటి వానాకాలం బాపు కాలు విరగ్గొట్టుకున్నాడు. ట్రాక్టర్ మీది నుంచి పడలేదు, పందితో కొట్లాడలేదు. తన పొలం ఒడ్డు మీదే, రోజూ నడిచే చోటే జారాడు. ఇక్కడి ఆసుపత్రిలో కట్టు వేసి, చూపించుకోవడానికి మాటిమాటికీ రమ్మన్నారు. ఇంటికాడ బర్రె, బీడీల పని వదిలి అవ్వ, అదే మా అమ్మ, రాలేదు. అందుకే కట్టు విప్పేదాకా బాపు నిజామాబాద్‌లో నా రూములోనే ఉన్నాడు.

బాపూ నేనూ ఫోన్‌లో మాట్లాడుకుంటే పక్కన ఉన్నవాళ్లు నెట్‌వర్క్ లేదనుకుంటారు. అలాంటిది ఒక రూములో, ఒక ఫ్యాను కింద. మొదటి వారం మేమిద్దరం ఆ ఫ్యాను గురించి తప్ప ఏమీ మాట్లాడుకోలేదు. అది కూడా కరెంటు పోయినప్పుడే.

ఒక సాయంత్రం నేను పొలం ఆట ఆడుకుంటుంటే ఆయన మంచం మీది నుంచి మెడ చాచాడు.

"ఏందిరా అది?"

"పొలం ఆట బాపూ."

"పొలం ఆడుతరా ఎవలన్న?" కాసేపు చూశాడు. "నీళ్లు ఏడికెళ్లి వస్తున్నయ్?"

"డబ్బాతోని పోస్తరు."

"మోటరు?"

"లేదు."

"కరెంటు?"

"అక్కర్లేదు."

"మరి గిది పొలం ఎట్లయితది?" అన్నాడు. ఇంకాసేపు చూసి చెయ్యి చాపాడు. "ఇటియ్యి. నువ్వు సాళ్లు వంకర తీస్తున్నవ్."

ఆ ఆటలో చెరకు ఉంది. ఆయన ఇంకేదీ వేయలేదు. స్ట్రాబెర్రీ వేస్తే బొమ్మల ఊళ్లో పేరొస్తుందని నేను చెప్పిచూశాను. "అది తింటరా, పూజ చేస్తరా?" అని కొట్టిపారేశాడు. బటన్ల మీద ఆయన వేళ్లు మొద్దుగా ఆగి ఆగి పడేవి. కానీ సాళ్లు మాత్రం దారం పట్టినట్టు వచ్చాయి. నేను షాపు నుంచి వచ్చేసరికి చెప్పడానికి ఆయన దగ్గర వార్తలు ఉండేవి. ఇవాళ వాన పడ్డది. మూల మీద కలుపు లేచింది. పక్కింటి బొమ్మ పిల్ల వచ్చి ఏదో అన్నది, ఇంగ్లిషు, అర్థం కాలే. నేను అన్నం పెట్టుకుంటూ అన్నీ వినేవాణ్ణి. ఆయన అంతసేపు మాట్లాడగలడని నాకు తెలియదు. బహుశా ఆయనకూ తెలియదు.

చెరకు కోతకొచ్చింది. బొమ్మ చెరకు తెర మీద మెరుస్తూ ఊగుతోంది.

"బాపూ, ఇగ కొయ్యి."

"ఆర్డరు రాలే గదా."

నేను నవ్వాను. ఆయన నవ్వలేదు.

మా వైపు చెరకు పండగానే కోసేది కాదు. చక్కెర ఫ్యాక్టరీ నుంచి కటింగ్ ఆర్డరు రావాలి. ఏ రోజు ఎవరి పొలమో వాళ్లే చెబుతారు. ఆర్డరు రాకుండా నరికితే తీసుకుపోయే దిక్కుండదు, ఎండి తూకం పడిపోతుంది. పుట్టి బుద్ధెరిగినప్పటి నుంచి చెరకు కోసిన మనిషి, చెరకు కనపడితే ఆర్డరు కోసం ఎదురుచూస్తాడు.

"దీంట్ల ఆర్డర్లు ఉండయి బాపూ. నీ ఇష్టమున్నప్పుడు కోసుకోవచ్చు."

"నీకేమెరుక? పక్కోళ్లు కోసిండ్రా?"

"పక్కోళ్లు బొమ్మలు."

"గందుకే కొయ్యలే," అన్నాడు.

ఆటలో కాలం మారింది. చలికాలం మొదటి రోజున చెరకంతా ఒక్కసారే గోధుమరంగుకు తిరిగి ఎండిపోయింది. నేను ఆయన ముఖం చూశాను. "సూసినవా? రాలే," అన్నాడు, కేసు గెలిచినవాడిలా. ఎండింది తీయించి మళ్లీ చెరకే వేశాడు.

ఫ్యాక్టరీ బంద్ అయిన ఏడాది మా చెరకు నిలబడే ఉంది. నేనప్పుడు బడికి పోతున్నాను. ఒక సాయంత్రం తిరిగొస్తుంటే మా పొలం వైపు పొగ కనిపించింది. బాపు అంటించాడు, తెల్లారి ట్రాక్టర్ పెట్టి దున్నించాడు. తర్వాత అంతా వరే. ఆ రాత్రి ఆయన తిన్నాడో లేదో నాకు గుర్తులేదు. నేను తిన్నాను, కోడిగుడ్డు కూర.

ఆటలో రెండోసారి వేసిన చెరకు కోతకొచ్చేసరికి ఇక్కడ ఆయన కట్టు విప్పారు. కొయ్యి బాపూ అంటే, "ఉండనీ" అని మిషన్ నా చేతిలో పెట్టి, సంచి భుజాన వేసుకుని బోధన్ బస్సెక్కాడు. తర్వాత మా ఫోన్లలో మళ్లీ నెట్‌వర్క్ పోయింది. నేను అప్పుడప్పుడూ ఆ ఆట తెరిచేవాణ్ణి. ఏమీ చేసేవాణ్ణి కాదు, చెరకును చూసి మూసేసేవాణ్ణి. ఇదేదో గొప్ప విషయమని కాదు. టీవీలో వార్తలు కూడా జనం అలాగే చూస్తారు.

పక్క రూము తమ్ముడికి సంగతంతా చెప్పకుండా, పాత ఆట ఒకటి దాచుకోవాలంటే ఎట్లా అని అడిగాను. కంప్యూటర్‌లోకి ఎక్కించమన్నాడు. దానికి ఈ మిషన్ సొంత వైరు కావాలి. నా దగ్గరున్నది చార్జింగ్ తప్ప ఏమీ ఎక్కించని అతుకుల వైరు. తమ్ముడి దగ్గరా దాని తోబుట్టువే ఉంది. ఆదివారం దగ్గరికొస్తోంది. శనివారం సాయంత్రం బాపుకు ఫోన్ చేశాను.

"బాపూ, గా ఆటల పొలం ఉన్నది గదా…"

"ఏ ఆట?"

"నీ చెరకు."

అవతల బర్రె అరిచింది. ఆయన దాన్ని పూర్తిగా అరవనిచ్చి అన్నాడు: "ఇంక ఉన్నదా అది? ఎండిపోయి ఉంటదనుకున్న."

"ఆడకుంటె ఎండది. గట్లనే నిలవడి ఉంటది."

"నీళ్లు వెట్టకున్నా?"

"పెట్టకున్నా."

"గసొంటి భూమి ఏడున్నదో అడుగురా, కౌలుకు తీస్కుందం."

"దాన్ని తీసేస్తున్న బాపూ. జాగ లేదు. వేరే ఆట ఎక్కియ్యాలె."

"తీసెయ్."

అంతే. రెండు రోజులుగా నేను మనసులో తీసుకుంటున్న సినిమాకు ఆయన ఇంటర్వెల్ కూడా ఇవ్వలేదు. సరే బాపూ అని పెట్టేయబోయాను.

"అరేయ్."

"ఆఁ."

"కోసినంక తియ్యి. నిలవడ్డ చెరకును ఏం చెయ్యకు."

"ఆర్డరు రాలే గదా మరి?" అన్నాను. అలవాటు, నోరు ఊరుకోదు.

"నేను చెప్తున్న గదా," అన్నాడు. "కొయ్యి."

ఫోన్ స్పీకర్‌లో పెట్టి మంచం మీద పెట్టాను. మిషన్ తెరిచాను. ఆయన వదిలిన సాయంత్రమే అక్కడ ఇంకా నడుస్తోంది. కత్తి తీసుకున్నాను.

"ఎన్ని సాళ్లైనయ్?"

"ఇప్పుడే మొదలువెట్టిన బాపూ."

"మొదట్లకు కొయ్యి. మీద మీద కొయ్యకు."

"ఒకటే బటన్ బాపూ. అదే కోస్తది."

"ఐతేంది? మొదట్లకు కొయ్యి."

మొదట్లకే కోశాను. ఒక్కో సాలూ అయినప్పుడల్లా చెబుతుంటే ఆయన ఊఁ అంటున్నాడు. కోసినదంతా ఇంటి ముందరి పెట్టెలో వేశాను. ఎవరు తీసుకుపోతారని అడిగాడు. పొద్దుగూకాక ఒకడొస్తాడని చెప్పాను.

"తూకం?"

"తూకం లేదు. ఎంతుంటె అంత తీస్కపోతడు."

"గదే, ఆట అని ఎరుకైతున్నది."

పొలం నున్నగా అయింది. ఆట మూసి, తీసేసే చోటికి పోయాను. దాచుకున్నదంతా పోతుంది, సరేనా అని అడిగింది.

"నొక్కినవా?" అన్నాడు బాపు.

"నొక్కుతున్న."

"నొక్కు."

నొక్కాను. తెర మీద ఒక గీత ఎడమ నుంచి కుడికి జరిగింది, అంత పొలానికి అది చాలా చిన్న గీత. ఐందా అంటే ఐందన్నాను.

"ఇప్పుడేమున్నది ఆడ?"

"ఏం లేదు. ఖాళీ."

"ఊకె ఉంచకు," అన్నాడు. ఆ మాటతో ఫోన్ పెట్టేశాడు. నేను కాసేపు ఆ ఖాళీని ఊకెనే ఉంచాను.

ఐతారం మధ్యాహ్నానికి హాట్‌స్పాట్ మీద ఫుట్‌బాల్ దిగింది. తమ్ముడు మిర్చీబజ్జీల పొట్లంతో వచ్చి నా మంచం మీద కూర్చున్నాడు. రాదు రాదు అన్నవాడు నా మీద గోల్ మీద గోల్ కొట్టాడు. కొట్టినప్పుడల్లా "అన్నా సూసినవా!" అని నా తొడ మీద చరిచాడు. మంచి పిల్లవాడు. నేనూ నవ్వాను, బస్సులో సీటు ఇచ్చినవాళ్లను చూసి నవ్వినట్టు. ఎవరి తెర వాళ్ల చేతిలో, పక్కపక్కనే కూర్చుని ఆడుతున్నాం. ఇదే కదా కావాల్సింది అని నాకు నేను రెండుసార్లు చెప్పుకున్నాను. రెండుసార్లు చెప్పుకోవాల్సి వచ్చింది.

ఆట మధ్యలో ఫోన్ మోగింది. బాపు. ఆయనంతట ఆయన చేయడం చాలా అరుదు. ఎవరికో ఏదో అయిందనే అనుకున్నాను.

"ఎక్కిచ్చినవా కొత్తది?" అన్నాడు.

"ఆఁ. బంతాట."

"దాంట్ల పొలముంటదా?"

"ఉండది. గడ్డి ఉంటది, పెద్దగ."

"ఎవడు కోస్తడు గడ్డి?"

"ఎవలు కొయ్యరు బాపూ. అది పెరగది."

ఆయన ఆలోచించాడు. ఆలోచిస్తున్నట్టు ఫోన్‌లో కూడా తెలుస్తుంది, ముక్కుతో గట్టిగా గాలి తీస్తాడు.

"పెరగకుంటె దినాం ఏం సూస్తవ్‌రా దాన్ని?"

"ఊకెనే బాపూ" అన్నాను. ఆయన సరే ఆడుకో అని ఫోన్ పెట్టేశాడు.

"ఎవలన్నా?" అన్నాడు తమ్ముడు తెర మీది నుంచి కళ్లు తీయకుండా.

"మా బాపు."

"ఆపమంటె ఆపుతుంటి గదన్నా. ఇంకో రెండు గోల్‌లు కొట్టిన."

పర్వాలేదన్నాను. మిషన్ చేతిలోకి తీసుకుని చూస్తే, నేను నడిపించాల్సిన ఆటగాడు ఒక్కడే మైదానం మధ్యలో నిలబడి ఉన్నాడు. బంతి అతని పక్క నుంచే దొర్లుకుంటూ పోతోంది.