బోర్డు మీద లేని పేరు

తొంభైలల్ల నేను బహ్రెయిన్‌ల ఒక హోటల్ కారు నడిపేటోణ్ణి. వచ్చే గెస్టు పేరు అట్ట మీద రాసుకొని ఎయిర్‌పోర్టుల నిలబడుడు నా డ్యూటీ.

ఒకరోజు పొద్దున ఒక ముసలి ఇంగ్లండాయన బయటికొచ్చి, మా డ్రైవర్ల బోర్డులు ఒక్కొక్కటే చదివిండు. ఆయన పేరు ఎవరి దగ్గరా లేదు. వచ్చి నా పక్కన బెంచీ మీద కూసున్నడు. సినిమాలకు కథలు రాస్తడట, వేషాలు కూడా వేస్తడట. ఇక్కడ ఏదో నాటకానికి పిలిస్తే వచ్చిండట.

"ఏం వేషాలు సార్?" అని అడిగిన.

"మంచి వేషం నాకోసమే రాసుకుంటా. దాన్ని వేరేటోళ్లకు ఇస్తరు. నాకు నౌకరు వేషం మిగులుతది. తలుపు కాడ నిలబడి, 'మీ కోసం ఎవరో వచ్చారు, సార్' అని చెప్పిపోవుడే."

అంతల నా గెస్టు బయటికొచ్చి, నా చేతుల అట్ట దిక్కు నడిచిండు. నాకంటే ముందు ముసలాయనే చూసిండు. లేచి, కోటు గుండీ పెట్టుకొని, నా ముందర తల వంచిండు.

"మీ కోసం ఎవరో వచ్చారు, సార్."

ఆ దేశంల నన్ను సార్ అన్నది ఆయనొక్కడే. సామాన్ బండిల పెట్టి తిరిగి చూస్తే, ఎయిర్‌పోర్టు అద్దం అవతల మళ్ల బోర్డులు చదువుతున్నడు.

ఇప్పుడు నేను ఏ ఎయిర్‌పోర్టుల దిగినా, నా పేరు ఎవ్వరూ రాయరని తెలిసి కూడా, బోర్డులన్నీ చదివినంకనే బయటికొస్త.